ఎంఎస్‌ఐనెట్.ఓసీఎక్స్ ఎర్రర్ 339, పైగా హెడ్ ఆఫీసులో ఎఫ్‌టీపీ మూసేస్తున్నారు: సోర్స్ కోడ్ లేని పాత కాటా ప్రోగ్రామ్‌ను నడపడం ఎలా?

గుమ్మిడిపూండి_కాటా:

అందరికీ నమస్కారం. చెన్నై దగ్గర గుమ్మిడిపూండి సిప్‌కాట్ పారిశ్రామికవాడలో ఒక స్టీల్ ఫ్యాక్టరీ వేబ్రిడ్జి సిస్టమ్ గురించి అడుగుతున్నాను. లారీ కాటా ఎక్కగానే ఇండికేటర్ నుంచి సీరియల్ పోర్టులో బరువు చదువుతుంది, స్లిప్ కొడుతుంది. షిఫ్టు అయిపోయాక తూకాలన్నీ ఒక టెక్స్ట్ ఫైల్‌గా గిండీలో ఉన్న హెడ్ ఆఫీసు సర్వర్‌కి ఎఫ్‌టీపీలో (ఫైళ్లు పంపే పాత పద్ధతి) పంపుతుంది. విజువల్ బేసిక్ 6లో రాసిన ప్రోగ్రామ్. రాసిచ్చినవాళ్లు ఇప్పుడు లేరు, సోర్స్ కోడ్ లేదు. మా దగ్గర ఉన్నది ఎక్స్‌ఈ ఫైలూ, సెట్టింగ్స్ ఉన్న ఐఎన్‌ఐ ఫైలూ, పాత సెటప్ సీడీ ఒకటి.

ఎక్స్‌పీ మెషీన్ మదర్‌బోర్డు పోయింది. హార్డ్‌డిస్క్ బాగానే ఉంది. కొత్త మెషీన్ విండోస్ 10 ప్రో, 64 బిట్. ఎక్స్‌ఈ ఫోల్డర్ కాపీ చేసి తెరిస్తే రన్‌టైమ్ ఎర్రర్ 339: ఎంఎస్‌ఐనెట్.ఓసీఎక్స్ సరిగ్గా రిజిస్టర్ కాలేదు, ఫైల్ లేదు లేదా చెల్లదు అంటోంది. ఓసీఎక్స్ అంటే ప్రోగ్రామ్ వాడుకునే విడిభాగం ఫైల్; ఇది నెట్‌లో ఫైళ్లు పంపేది. పాత డిస్క్ నుంచి ఆ ఫైల్ తీసి సిస్టమ్32లో పెట్టి, రిజిస్టర్ చేసే కమాండ్ రెగ్‌ఎస్‌వీఆర్32 కొడితే "మాడ్యూల్ లోడ్ కాలేదు" అంటోంది. ఫైల్ కళ్లముందే ఉంది, అయినా లేదంటోంది.

ఇది చాలదన్నట్టు, వచ్చే నెల నుంచి ఎఫ్‌టీపీ వాడే పోర్ట్ 21 మూసేస్తాం, గుప్తీకరించి పంపే ఎస్‌ఎఫ్‌టీపీ ఒక్కటే ఉంటుంది అని హెడ్ ఆఫీసు నుంచి మెయిల్ వచ్చింది. ఈ ఓసీఎక్స్‌కి ఎస్‌ఎఫ్‌టీపీ నేర్పించే దారి ఏమైనా ఉందా? కొత్త వెర్షన్ ఫైల్ వేస్తే సరిపోతుందా? లేకపోతే ప్రోగ్రామ్ మొత్తం మళ్లీ రాయించుకోవాల్సిందేనా?

పాతకోడ్_పెరంబూర్:

ముందు 339 సంగతి చూద్దాం, అది తేలిక.

ఎంఎస్‌ఐనెట్.ఓసీఎక్స్ 32 బిట్ ఫైల్. 64 బిట్ విండోస్‌లో 32 బిట్ ఫైళ్ల చోటు సిస్‌వావ్64. పేరు చూస్తే తలకిందులుగా ఉంటుంది గానీ సంగతి అంతే: సిస్టమ్32లో 64 బిట్ ఫైళ్లు, సిస్‌వావ్64లో 32 బిట్ ఫైళ్లు. మీరు ఎక్స్‌ప్లోరర్‌తో కాపీ చేసినప్పుడు అది నిజంగానే సిస్టమ్32లోకి వెళ్లింది. రెగ్‌ఎస్‌వీఆర్32 కొడితే, ఫైల్ 32 బిట్‌దని గుర్తించి తన 32 బిట్ జోడీని లేపుతుంది. ఆ 32 బిట్ ప్రోగ్రామ్ సిస్టమ్32లో వెతకబోతే విండోస్ దాన్ని చప్పుడు లేకుండా సిస్‌వావ్64కి మళ్లిస్తుంది. అక్కడ ఫైల్ లేదు. మీకు కనిపిస్తున్నా దానికి దొరకకపోవడానికి కారణం ఇదే.

సిస్టమ్32లో పెట్టినదాన్ని తీసేయండి. సిస్‌వావ్64లో పెట్టండి. స్టార్ట్‌లో సీఎండీ అని కొట్టి, రైట్ క్లిక్ చేసి, అడ్మినిస్ట్రేటర్‌గా తెరిచి, రెండు చోట్లా పూర్తి పాత్ ఇస్తూ కొట్టండి:

సీ:\విండోస్\సిస్‌వావ్64\రెగ్‌ఎస్‌వీఆర్32.ఎక్స్‌ఈ సీ:\విండోస్\సిస్‌వావ్64\ఎంఎస్‌ఐనెట్.ఓసీఎక్స్

సక్సీడెడ్ అని పెట్టె వస్తే అయిపోయినట్టే. దాని బదులు 8002801సీతో ముగిసే కోడ్ వస్తే, రిజిస్ట్రీలో రాసే అనుమతి లేదని అర్థం. అంటే అడ్మినిస్ట్రేటర్‌గా తెరవలేదు. మీ లాగిన్ అడ్మిన్ గ్రూపులో ఉన్నా సరే, రైట్ క్లిక్ చేసి తెరవాల్సిందే.

ఇది కుదిరాక అదే 339 ఇంకో ఫైల్ పేరుతో వస్తుంది, కంగారు పడకండి. సీరియల్ పోర్ట్ చదివే ప్రోగ్రామ్ కాబట్టి ఎంఎస్‌కామ్32.ఓసీఎక్స్ తప్పకుండా ఉండి ఉంటుంది. ఒక్కొక్కటే ఎర్రర్ చూసుకుంటూ వెతకడం ఎందుకు? సెటప్ సీడీలో సెటప్.ఎల్‌ఎస్‌టీ అనే ఫైల్ ఉంటే నోట్‌ప్యాడ్‌లో తెరవండి. వీబీ6 ప్యాకేజ్ విజార్డ్‌తో చేసిన సెటప్ అయితే ఆ ప్రోగ్రామ్‌కి కావలసిన ఓసీఎక్స్, డీఎల్‌ఎల్ జాబితా మొత్తం అందులో వరసగా ఉంటుంది. ఫైళ్లు పక్కనే ఉన్న క్యాబ్ ఫైల్‌లో (కుదించి కట్టిన మూట) ఉంటాయి. ఎక్స్‌పాండ్ కమాండ్‌తో ఒక ఖాళీ ఫోల్డర్‌లోకి విప్పుకుని, అందులోంచి ఓసీఎక్స్‌లు మాత్రమే తీసుకోండి. వీబీ6 ప్రోగ్రామ్‌లను నడిపే మూల ఫైల్ ఎంఎస్‌వీబీవీఎం60.డీఎల్‌ఎల్ మాత్రం సీడీ నుంచి ఎక్కించకండి. అది విండోస్ 10తోనే వస్తుంది, దానిమీద పాతది పడితే కొత్త తలనొప్పి.

ఎంఎస్‌కామ్ గురించి ఇంకో మాట. అది కామ్ 1 నుంచి కామ్ 16 వరకే తెరుస్తుంది. కొత్త మెషీన్‌లో సీరియల్ పోర్ట్ లేక యూఎస్‌బీ కన్వర్టర్ పెట్టి ఉంటారు. దానికి విండోస్ కామ్ 17, 18 లాంటి నంబరు ఇస్తే బరువు రాదు. డివైస్ మేనేజర్‌లో ఆ పోర్ట్ మీద పోర్ట్ సెట్టింగ్స్, అడ్వాన్స్‌డ్‌లోకి వెళ్లి పాత నంబరు ఇవ్వండి.

రిచీస్ట్రీట్_హార్డ్‌వేర్:

పాత డిస్క్‌ని యూఎస్‌బీ కన్వర్టర్‌తో తగిలించి మొత్తం ఇమేజ్ తీసి పెట్టుకోండి. ఐడీఈ, సాటా రకాల డిస్క్‌లు రెండూ పట్టే కన్వర్టర్లు చెన్నై రిచీ స్ట్రీట్‌లో ఏ షాపులోనైనా ఉంటాయి. ఓసీఎక్స్ సీడీలో దొరక్కపోయినా డీఎల్‌ఎల్ డౌన్‌లోడ్ సైట్లు బోలెడున్నాయి కదా, అక్కడ తీసుకోవచ్చు.

పాతకోడ్_పెరంబూర్:

ఇమేజ్ సలహా వెయ్యిపాళ్లు మంచిది. డీఎల్‌ఎల్ సైట్ల జోలికి మాత్రం దయచేసి పోవద్దు. నెట్‌లోకి డేటా పంపే ఫైల్‌ని ఎవరో తెలియనివాళ్ల దగ్గర తెచ్చుకుని అడ్మిన్ హక్కులతో రిజిస్టర్ చేయడం అంటే బీరువా తాళం దారిన పోయేవాడికి ఇచ్చినట్టు. పాత డిస్క్‌లోని ఫైల్ ఇన్నేళ్లూ పనిచేసింది, అదే నమ్మకమైన కాపీ. అయినా ఒకసారి ప్రాపర్టీస్ తెరిచి డిజిటల్ సిగ్నేచర్స్ ట్యాబ్‌లో మైక్రోసాఫ్ట్ సంతకం చెల్లుతోందో లేదో చూడండి.

కొందరు వీబీ6 రన్‌టైమ్ సర్వీస్ ప్యాక్ 6 డౌన్‌లోడ్ చేసి అందులో ఎంఎస్‌ఐనెట్ కోసం వెతుకుతారు. ఆ ప్యాకేజీలో ఉండేది మూల రన్‌టైమ్ ఫైళ్లే, ఓసీఎక్స్‌లు ఉండవు.

కొత్త వెర్షన్ వేస్తే ఎస్‌ఎఫ్‌టీపీ వస్తుందా అన్న ప్రశ్నకి జవాబు: రాదు. ఆ ఓసీఎక్స్‌కి సొంతంగా నెట్‌వర్క్ తెలివి లేదు. విండోస్‌లోని విన్‌ఐనెట్ లైబ్రరీకి పైతొడుగు, అంతే. విన్‌ఐనెట్‌కి తెలిసినవి హెచ్‌టీటీపీ, హెచ్‌టీటీపీఎస్, మామూలు ఎఫ్‌టీపీ. టీఎల్‌ఎస్ అనే గుప్తీకరణ మీద నడిచే ఎఫ్‌టీపీఎస్ దానికి రాదు. ఎస్‌ఎఫ్‌టీపీ అసలు ఎఫ్‌టీపీ కుటుంబమే కాదు, ఎస్‌ఎస్‌హెచ్ అనే సురక్షిత రిమోట్ లాగిన్ పద్ధతి మీద నడిచే వేరే ప్రోటోకాల్. 1998 నాటి కంట్రోల్, వీబీ6 డెవలప్‌మెంట్ టూల్‌కి 2008 ఏప్రిల్‌లోనే సపోర్ట్ ఆగిపోయింది. కొత్త ప్రోటోకాల్‌తో దీని తర్వాతి వెర్షన్ ఏదీ రాలేదు.

అంబత్తూర్_అడ్మిన్:

మళ్లీ రాయించాల్సిన పనిలేదు. పాత ప్రోగ్రామ్‌ని బయటి నెట్‌వర్క్‌కి పోనివ్వకండి. దాని ఎఫ్‌టీపీ అదే మెషీన్‌లో ఆగిపోవాలి, అక్కడి నుంచి ఇంకో చిన్న స్క్రిప్ట్ ఎస్‌ఎఫ్‌టీపీలో గిండీకి చేర్చాలి. పాస్‌వర్డ్ పచ్చిగా పోయే ఎఫ్‌టీపీ 127.0.0.1 (మెషీన్‌కి తన సొంత అడ్రస్) దాటి బయటికి రాదు కాబట్టి హెడ్ ఆఫీసు నియమమూ నిలుస్తుంది.

విండోస్ 10 ప్రోలో ఎఫ్‌టీపీ సర్వర్ ఉచితంగానే ఉంది. కంట్రోల్ ప్యానెల్‌లో టర్న్ విండోస్ ఫీచర్స్ ఆన్ ఆర్ ఆఫ్ తెరిచి, ఇంటర్నెట్ ఇన్ఫర్మేషన్ సర్వీసెస్ (ఐఐఎస్) కింద ఎఫ్‌టీపీ సర్వీస్, వెబ్ మేనేజ్‌మెంట్ టూల్స్ కింద ఐఐఎస్ మేనేజ్‌మెంట్ కన్సోల్, ఈ రెండూ టిక్ చేయండి. తర్వాత ఐఐఎస్ మేనేజర్‌లో సైట్స్ మీద రైట్ క్లిక్ చేసి యాడ్ ఎఫ్‌టీపీ సైట్ నొక్కండి. ఫోల్డర్‌గా డీ:\కాటా\వచ్చినవి ఇవ్వండి. ఐపీ అడ్రస్ దగ్గర 127.0.0.1 అని చేత్తో టైప్ చేయండి. "ఆల్ అనసైన్డ్" వదిలేస్తే ఫ్యాక్టరీ నెట్‌వర్క్ మొత్తానికి తెరిచినట్టవుతుంది. పోర్ట్ 21. బేసిక్ ఆథెంటికేషన్, ఒక్క యూజర్‌కే రీడ్, రైట్. ఫైర్‌వాల్‌లో ఏ పోర్టూ తెరవక్కర్లేదు.

ఆ యూజర్ ఒక లోకల్ విండోస్ అకౌంట్. పాత ప్రోగ్రామ్ ఏ యూజర్‌నేమ్, పాస్‌వర్డ్ పంపుతోందో అవే పేర్లతో సృష్టించండి. అదే సమయంలో "పాస్‌వర్డ్ నెవర్ ఎక్స్‌పైర్స్" టిక్ చేయడం మరవొద్దు. లోకల్ అకౌంట్ పాస్‌వర్డ్‌కి విండోస్ మామూలుగా 42 రోజులే గడువు పెడుతుంది. టిక్ లేకపోతే నెలన్నర లోపే లాగిన్ ఆగిపోతుంది, అప్పటికి ఈ అకౌంట్ సంగతి ఎవరికీ గుర్తుండదు. అలాగే ఆ ఫోల్డర్ సెక్యూరిటీ ట్యాబ్‌లో ఈ యూజర్‌కి మాడిఫై హక్కు ఇవ్వండి. ఐఐఎస్‌లో ఇచ్చిన రైట్ వేరు, ఫోల్డర్ మీది హక్కు వేరు. రెండోది లేకపోతే 530 ఎర్రర్‌తో హోమ్ డైరెక్టరీ అందడం లేదంటుంది.

ఇక ఐఎన్‌ఐలో హోస్ట్ పేరు 127.0.0.1గా మార్చండి. హోస్ట్ పేరు ఐఎన్‌ఐలో లేకుండా ఎక్స్‌ఈలోనే ఉంటే, విండోస్ హోస్ట్స్ ఫైల్‌లో ఆ పేరుకి 127.0.0.1 రాయండి. ఒక చిక్కుంది: అలా రాస్తే ఎస్‌ఎఫ్‌టీపీ స్క్రిప్ట్ కూడా అదే పేరు వాడినప్పుడు తన దగ్గరికే వచ్చి తలుపు కొడుతుంది. స్క్రిప్ట్‌లో హెడ్ ఆఫీసు ఐపీ గానీ వేరే పేరు గానీ వాడండి. పేరు బదులు ఐపీ అడ్రసే ఎక్స్‌ఈలో ఉంటే హోస్ట్స్ ఫైల్ పనికిరాదు. అప్పుడు డివైస్ మేనేజర్‌లో మైక్రోసాఫ్ట్ లూప్‌బ్యాక్ అడాప్టర్ చేర్చి దానికి ఆ ఐపీ ఇచ్చి, ఐఐఎస్ సైట్‌ని ఆ ఐపీకి కట్టాలి.

ఇందులో ఇంకో లాభం ఉంది. ఎంఎస్‌ఐనెట్‌లో పాసివ్ మోడ్ (ఫైల్ కనెక్షన్ కూడా మన మెషీన్ నుంచే మొదలయ్యే పద్ధతి) ఎంచుకునే ప్రాపర్టీయే లేదు. యాక్టివ్ ఎఫ్‌టీపీలో సర్వరే తిరిగి మన మెషీన్‌కి కనెక్ట్ అవ్వాలి కాబట్టి, నాట్ (లోపలి మెషీన్లను ఒకే ఐపీ వెనక ఉంచే రౌటర్ పద్ధతి) వెనకున్న లింకులో లాగిన్ అవుతుంది, ఫైల్ మాత్రం కదలదు. ఒకే మెషీన్‌లో ఆ సమస్య రానే రాదు.

గుమ్మిడిపూండి_కాటా:

చాలా ఉపయోగపడింది అన్నా. ఎంఎస్‌ఐనెట్, ఎంఎస్‌కామ్ రెండూ రిజిస్టర్ అయ్యాయి, బరువు వస్తోంది. ఐఐఎస్ కూడా పెట్టాను. రెండు చోట్ల ఆగింది. ఐఎన్‌ఐలో హోస్ట్ మార్చి సేవ్ చేసినా ప్రోగ్రామ్ ఇంకా పాత సర్వర్‌కే వెళ్తోంది. ఫైల్ తెరిచి చూస్తే 127.0.0.1 అనే ఉంది. రెండోది, కమాండ్ ప్రాంప్ట్‌లో ఎఫ్‌టీపీ 127.0.0.1 కొట్టి చూస్తే 534 వస్తోంది.

అంబత్తూర్_అడ్మిన్:

534 అంటే పాలసీ ప్రకారం ఎస్‌ఎస్‌ఎల్ (టీఎల్‌ఎస్ పాత పేరు) తప్పనిసరి అని. సైట్ చేర్చేటప్పుడు ఆ విజార్డ్ "రిక్వైర్ ఎస్‌ఎస్‌ఎల్"ని ముందే ఎంచి పెడుతుంది, చాలామంది అది చూడకుండా నెక్స్ట్ కొట్టేస్తారు. సైట్ మీద నొక్కి ఎఫ్‌టీపీ ఎస్‌ఎస్‌ఎల్ సెట్టింగ్స్‌లో "అలౌ" చేసి, కుడివైపు అప్లై నొక్కండి. 127.0.0.1 మీద మాత్రమే వింటున్న సైట్ కాబట్టి ఇది ఫర్వాలేదు.

ఐఎన్‌ఐ కథ: ప్రోగ్రామ్ ప్రోగ్రామ్ ఫైల్స్ కింద ఉందా?

గుమ్మిడిపూండి_కాటా:

అవును, ప్రోగ్రామ్ ఫైల్స్ ఎక్స్86 కింద. పాత మెషీన్‌లో కూడా ప్రోగ్రామ్ ఫైల్స్‌లోనే ఉండేది.

పాతకోడ్_పెరంబూర్:

అయితే వర్చువల్‌స్టోర్. ఎక్స్‌పీ కాలపు ప్రోగ్రామ్‌లు తమ ఫోల్డర్‌లోనే సెట్టింగ్స్ రాసుకునేవి. విస్టా నుంచి, అడ్మిన్‌గా తెరవని ప్రోగ్రామ్‌కి ప్రోగ్రామ్ ఫైల్స్‌లో రాసే హక్కు లేదు. పాత 32 బిట్ ప్రోగ్రామ్ విరిగిపోకుండా విండోస్ ఏం చేస్తుందంటే, రాసినదాన్ని యూజర్ ఫోల్డర్‌లోని ఆప్‌డేటా, లోకల్, వర్చువల్‌స్టోర్ కింద ఒక నకలుగా దాస్తుంది. ఆ తర్వాత ప్రోగ్రామ్ చదివేది ఆ నకలునే. మీరు అడ్మిన్‌గా నోట్‌ప్యాడ్ తెరిచి మార్చింది అసలు ఫైల్. రెండూ వేరు వేరు ఫైళ్లు.

ఆపరేటర్ లాగిన్‌లో ఆ చోట చూడండి, పాత హోస్ట్ పేరుతో ఐఎన్‌ఐ కూర్చుని ఉంటుంది. ప్రోగ్రామ్ ఫోల్డర్ కింద కనిపించకపోతే వర్చువల్‌స్టోర్‌లోనే విండోస్ అనే ఫోల్డర్ కింద చూడండి. పాత్ ఇవ్వకుండా ఐఎన్‌ఐ రాసే వీబీ6 ప్రోగ్రామ్‌లు విండోస్ ఫోల్డర్‌లోకే రాస్తాయి. శాశ్వతంగా కావాలంటే ప్రోగ్రామ్ మొత్తాన్ని డీ:\కాటా\ప్రోగ్రామ్‌లోకి మార్చి, ఆపరేటర్‌కి ఆ ఫోల్డర్ మీద మాడిఫై హక్కు ఇచ్చి, వర్చువల్‌స్టోర్‌లోని నకలు తీసేయండి. తూకాల డేటాబేస్ ఫైల్ కూడా అదే ఫోల్డర్‌లో ఉండే ప్రోగ్రామ్ అయితే ఇది మరీ ముఖ్యం. లేకపోతే ఒక్కో విండోస్ లాగిన్‌కి ఒక్కో డేటాబేస్ తయారవుతుంది, పగలు షిఫ్టు తూకాలు రాత్రి షిఫ్టుకి కనిపించవు. తీసేసే ముందు ఏ నకలులో తాజా తూకాలు ఉన్నాయో తేదీలు చూసుకోండి.

గుమ్మిడిపూండి_కాటా:

వర్చువల్‌స్టోరే. ఇప్పుడు ఫైల్ "వచ్చినవి" ఫోల్డర్‌లో పడుతోంది. ఎస్‌ఎఫ్‌టీపీ స్క్రిప్ట్ ఎలా రాయాలి? ప్రోగ్రామ్ ప్రతిసారీ ఒకే పేరుతో, డైలీ.టీఎక్స్‌టీ అని పంపుతుంది.

అంబత్తూర్_అడ్మిన్:

ఒకే పేరు అంటున్నారు కాబట్టి ముందు దాన్నే చూసుకోవాలి. లింక్ రెండు షిఫ్టులు పడిపోతే రెండో డైలీ.టీఎక్స్‌టీ మొదటిదాన్ని తుడిచేస్తుంది. అందుకని స్క్రిప్ట్ మొదటి పని: "వచ్చినవి"లో మార్పు జరిగి 2 నిమిషాలు దాటిన ఫైల్ ఉంటే, పేరుకి తేదీ, గంట, నిమిషం, సెకను తగిలించి "పంపాల్సినవి" ఫోల్డర్‌లోకి మూవ్ చేయడం. రెండు ఫోల్డర్లూ ఒకే డ్రైవ్‌లో ఉంటే మూవ్ అంటే పేరు మార్చడమే, సగం కాపీ అనేది ఉండదు. మూవ్ విఫలమైతే ఫైల్ ఇంకా వాడుకలో ఉందన్నమాట, తర్వాతి రౌండ్‌కి వదిలేయాలి.

రెండో పని పంపడం. విండోస్ 10లో ఓపెన్ఎస్‌ఎస్‌హెచ్ క్లయింట్ ఉంటుంది, లేకపోతే సెట్టింగ్స్‌లో ఆప్షనల్ ఫీచర్స్ నుంచి చేర్చుకోవచ్చు. అందులోని ఎస్‌ఎఫ్‌టీపీని "-బి" ఆప్షన్‌తో ఒక కమాండ్ల ఫైల్ ఇచ్చి నడపాలి. ఒక్కో తూకం ఫైల్‌కి ఆ కమాండ్ల ఫైల్‌లో రెండే పంక్తులు: చివర .పార్ట్ చేర్చిన పేరుతో పుట్, తర్వాత దాన్ని అసలు పేరుకి రీనేమ్. లింక్ మధ్యలో తెగితే అవతల .పార్ట్ మిగులుతుంది గానీ, హెడ్ ఆఫీసు ప్రోగ్రామ్ సగం ఫైల్‌ని పూర్తిదనుకుని చదవదు. "-బి"తో నడిపినప్పుడు ఏ కమాండ్ విఫలమైనా ఎస్‌ఎఫ్‌టీపీ అక్కడే ఆగి సున్నా కాని ఎగ్జిట్ కోడ్ ఇస్తుంది. సున్నా వస్తేనే ఫైల్‌ని "పంపినవి"లోకి మార్చండి. డిలీట్ చేయొద్దు, కనీసం 90 రోజులు ఉంచండి. లారీ తూకం మీద పార్టీతో తగాదా వస్తే ఆ ఫైలే సాక్ష్యం.

విండోస్‌తో వచ్చే ఫైల్ బదిలీ టూల్ కర్ల్‌తో చేయొచ్చు కదా అని ఎవరైనా అడగొచ్చు. అది విండోస్ 10 1803 వెర్షన్ నుంచి ఉంది, ఎఫ్‌టీపీఎస్, హెచ్‌టీటీపీఎస్ బాగా చేస్తుంది, ఎస్‌ఎఫ్‌టీపీ మాత్రం దానిలో కలపలేదు.

"-బి"తో పాస్‌వర్డ్ అడగదు, కాబట్టి దాని బదులు కీ (జంట ఫైళ్లు: మన దగ్గర దాచుకునే ప్రైవేట్ కీ, అవతలికిచ్చే .పబ్) కావాలి. ఎస్‌ఎస్‌హెచ్-కీజెన్‌తో ఈడీ25519 రకం కీ చేసి, .పబ్ ఫైల్ మాత్రమే హెడ్ ఆఫీసుకి పంపండి. మనిషి లేకుండా నడిచే పని కాబట్టి పాస్‌ఫ్రేజ్ ఖాళీగా ఉంటుంది. అందుకే అవతలివైపు ఆ అకౌంట్‌ని ఒక్క ఫోల్డర్‌కే కట్టెయ్యమని, షెల్ ఇవ్వొద్దని చెప్పండి. వాళ్లది లినక్స్ అయితే ఇందుకు క్రూట్ డైరెక్టరీ (అకౌంట్‌ని ఒక్క ఫోల్డర్‌లో బంధించే సెట్టింగ్), ఇంటర్నల్-ఎస్‌ఎఫ్‌టీపీ వాడతారు. ఆ క్రూట్ ఫోల్డర్ యజమాని రూట్ (లినక్స్ అడ్మిన్) అయి ఉండాలి, ఇంకెవరికీ రాసే హక్కు ఉండకూడదు, లేకపోతే లాగిన్ అయిన మరుక్షణం కనెక్షన్ తెగుతుంది. రాయడానికి దాని లోపల ఇంకో ఫోల్డర్ పెట్టాలి.

పీణ్య_వీబీ6:

బెంగళూరు పీణ్యలో ఇలాంటి మెషీన్ షాప్ ప్రోగ్రామ్‌లు చాలానే నడుస్తున్నాయి. వాటిలో కొన్నిటికి సోర్స్ కోడ్ ఉంది. అలాంటివాళ్లు ఈ త్రెడ్ చదివితే వాళ్లకోసం రాస్తున్నాను: సోర్స్ ఉంటే ఎంఎస్‌ఐనెట్‌ని రిజిస్టర్ చేసుకుంటూ కూర్చోవద్దు, ఫారమ్ మీంచి తీసేయండి. హెచ్‌టీటీపీఎస్‌కి విన్‌హెచ్‌టీటీపీరిక్వెస్ట్ 5.1 ఆబ్జెక్ట్ విండోస్‌లోనే ఉంది, క్రియేట్‌ఆబ్జెక్ట్‌తో వస్తుంది, ఏ ఫైలూ వెంట మోయక్కర్లేదు.

సెండ్‌కి ముందు రెండు పనులు. సెట్‌టైమౌట్స్‌కి నాలుగు విలువలు ఇవ్వండి, అన్నీ మిల్లీసెకన్లలో: పేరు వెతకడానికి 5000, కనెక్ట్‌కి 15000, పంపడానికి 30000, జవాబుకి 60000. ఏమీ ఇవ్వకపోతే మొదటిదానికి గడువే ఉండదు, డీఎన్ఎస్ పడిపోయినప్పుడు ఫారమ్ బిగుసుకుపోతుంది. రెండోది, విండోస్ 7 మెషీన్ అయితే ఆప్షన్ 9కి 2048 ఇవ్వండి, అది టీఎల్‌ఎస్ 1.2. దానికి ముందు కేబీ3140245 అప్‌డేట్ ఎక్కించి ఉండాలి.

సెండ్ అయ్యాక స్టేటస్ 200 అవునో కాదో తప్పకుండా చూడండి. 404 వచ్చినా 500 వచ్చినా ఇది ఎర్రర్ లేపదు. ఎంఎస్‌ఐనెట్ ఓపెన్‌యూఆర్‌ఎల్ కూడా ఇంతే. సర్వర్ ఇచ్చిన ఎర్రర్ పేజీనే డేటా అనుకుని చేతికిస్తుంది. రేట్ల ఫైల్ దించే ప్రోగ్రామ్‌లో రేటు బదులు హెచ్‌టీఎంఎల్ ట్యాగులు కనిపిస్తే కారణం ఇదే.

12157 గానీ 12175 గానీ వస్తే టీఎల్‌ఎస్ గొడవ. ముందు గడియారం చూడండి. పాత బోర్డులో సీఎంఓఎస్ బ్యాటరీ అయిపోయి తేదీ వెనక్కి పోతే ఏ సర్టిఫికెట్టూ చెల్లదు, సీఆర్2032 మారిస్తే పోతుంది. తేదీ సరిగ్గానే ఉంటే రూట్ సర్టిఫికెట్లు (మిగతా సర్టిఫికెట్లకి పూచీ ఇచ్చేవి): అప్‌డేట్లు ఆపేసిన మెషీన్లలో కొత్త రూట్లు ఉండవు. లెట్స్ ఎన్‌క్రిప్ట్ ఉచిత సర్టిఫికెట్లు వాడే సర్వర్లతో 2021 సెప్టెంబర్ 30న పాత రూట్ గడువు తీరాక చాలాచోట్ల ఇదే జరిగింది. అదీ బాగుంటే సైఫర్లు (గుప్తీకరణ పద్ధతులు). విండోస్ 7కి టీఎల్‌ఎస్ 1.2 వచ్చినా, ఆర్‌ఎస్‌ఏ సర్టిఫికెట్‌తో ఈసీడీహెచ్‌ఈ, జీసీఎం కలిసిన సైఫర్లు రావు. సర్వర్ అవి మాత్రమే ఒప్పుకుంటే మీ కోడ్‌లో ఎన్ని మార్చినా కుదరదు, విండోస్ మార్చాలి లేదా సర్వర్‌వాళ్లు ఇంకో సైఫర్ చేర్చాలి. ఎక్స్‌పీ మీద ఈ గంటలు వృథా చేయొద్దు.

ఫ్యాక్టరీలో ప్రాక్సీ (నెట్‌కి మధ్యవర్తి సర్వర్) ఉంటే ఇంకోటి. ఎంఎస్‌ఐనెట్ ఇంటర్నెట్ ఆప్షన్స్‌లోని ప్రాక్సీ వాడుకునేది. విన్‌హెచ్‌టీటీపీ దాన్ని చూడదు. నెట్‌ఎస్‌హెచ్ విన్‌హెచ్‌టీటీపీ షో ప్రాక్సీ కొట్టి చూసుకోండి.

గుమ్మిడిపూండి_కాటా:

స్క్రిప్ట్ చేత్తో నడిపితే ఫైల్ గిండీకి వెళ్లింది. టాస్క్ షెడ్యూలర్‌లో సిస్టమ్ అకౌంట్ పేరున పెడితే మాత్రం హోస్ట్ కీ వెరిఫికేషన్ ఫెయిల్డ్ అని లాగ్‌లో వస్తోంది. హోస్ట్ కీ చెక్ చేయొద్దని ఒక ఆప్షన్ ఉందట, అది పెట్టేయనా?

అంబత్తూర్_అడ్మిన్:

పెట్టకండి. ఆ చెక్ తీసేస్తే మధ్యలో ఎవరు సర్వర్‌గా నటించినా ఫైళ్లు వాళ్లకే ఇచ్చేస్తారు, ఎస్‌ఎఫ్‌టీపీకి మారి ప్రయోజనం ఉండదు.

చేత్తో నడిపినప్పుడు సర్వర్ కీ మీ లాగిన్‌లోని నోన్_హోస్ట్స్ ఫైల్‌లో చేరింది. సిస్టమ్ అకౌంట్‌కి వేరే హోమ్ ఫోల్డర్, అక్కడ ఆ ఫైల్ లేదు. అవును అని టైప్ చేయడానికి అక్కడ మనిషీ లేడు. డీ:\కాటా\కీ అని ఒక ఫోల్డర్ చేసి నోన్_హోస్ట్స్‌ని అందులోకి కాపీ చేయండి. కాపీ చేసేముందు గిండీవాళ్లకి ఫోన్ చేసి సర్వర్ కీ ఫింగర్‌ప్రింట్ చదివించుకుని, మీ దగ్గరున్నదానితో అక్షరం అక్షరం పోల్చుకోండి. స్క్రిప్ట్‌లో ఎస్‌ఎఫ్‌టీపీకి "-ఓ యూజర్‌నోన్‌హోస్ట్స్‌ఫైల్" ఆప్షన్‌తో ఆ ఫైల్ పూర్తి పాత్, "-ఐ"తో ప్రైవేట్ కీ పూర్తి పాత్ ఇవ్వండి. పాత్‌లో ఎక్కడా ఖాళీ జాగా లేకుండా చూసుకోండి.

దీని తర్వాత వచ్చే ఎర్రర్ ఏంటో ఇప్పుడే చెబుతున్నాను: ప్రైవేట్ కీ ఫైల్‌కి రక్షణ లేదంటుంది. కీ ఫైల్‌ని వేరేవాళ్లు చదవగలిగితే ఓపెన్ఎస్‌ఎస్‌హెచ్ దాన్ని వాడదు. కీ ఫైల్ సెక్యూరిటీ ట్యాబ్, అడ్వాన్స్‌డ్‌లో ఇన్హెరిటెన్స్ ఆపేసి, యూజర్స్, ఆథెంటికేటెడ్ యూజర్స్ లాంటివన్నీ తీసేయండి. సిస్టమ్, అడ్మినిస్ట్రేటర్స్ రెండే మిగలాలి.

టాస్క్‌లో ప్రతి 5 నిమిషాలకి రిపీట్, ఇదివరకే నడుస్తుంటే కొత్తది మొదలుపెట్టొద్దు అన్న ఎంపిక, స్టార్ట్ ఇన్ దగ్గర డీ:\కాటా. ఇంకా, "పంపాల్సినవి"లో గంట దాటిన ఫైల్ ఏదైనా ఉంటే ఆపరేటర్ స్క్రీన్ మీద మెసేజ్ వచ్చేలా ఇంకో చిన్న టాస్క్ పెట్టండి. సిస్టమ్ అకౌంట్‌లో నడిచే టాస్క్ తెర మీద ఏమీ చూపించలేదు, కాబట్టి ఈ రెండోది ఆపరేటర్ లాగిన్‌లోనే, "యూజర్ లాగిన్ అయినప్పుడు మాత్రమే" అన్న ఎంపికతో ఉండాలి. పాత ప్రోగ్రామ్ ఇకమీదట ఎప్పుడూ "పంపాను" అనే చెబుతుంది, ఎందుకంటే అది పంపేది పక్క ఫోల్డర్‌కే. గిండీ లింక్ పడిపోయిందని చెప్పేది ఈ టాస్క్ ఒక్కటే.